రుణం ఆమె పేరిట ఉంటే హక్కు కూడా ఆమెదేనా?

ప్రశ్న – ఒంగోలువాసి

నేను ప్రకాశం జిల్లాలో ఒక స్వచ్ఛంద సంస్థలో క్షేత్ర పరిశీలకుడిగా పనిచేస్తున్నాను. మా పనికి విదేశీ నిధులు వస్తాయి కనుక ఆరు నెలలకొకసారి నివేదిక పంపవలసి ఉంటుంది. అందులో ‘లబ్ధిదారులలో మహిళల శాతం’ అనే గడి ఒకటి ఉన్నది. మేము డ్వాక్రా సంఘాలతోనే పనిచేస్తాము కాబట్టి అక్కడ ప్రతిసారీ నూరు అని రాస్తాను. అందరూ సంతోషిస్తారు. అయితే పోయిన నెల ఒక ఊరిలో పది మంది సభ్యులతో విడివిడిగా కూర్చుని మాట్లాడినప్పుడు, తన పేరిట వచ్చిన రుణం దేనికి ఖర్చయిందో తడుముకోకుండా చెప్పగలిగినవారు ముగ్గురే కనిపించారు. ఒక పెద్దావిడ, “సంతకం నాది నాయనా, లెక్క మా ఆయనది” అన్నారు. ఆ మాట విన్న తరువాత ఆ గడిలో నూరు రాయడానికి నాకు చేయి రావడం లేదు. ఆమెకు నిజంగా ఏ హక్కు దక్కిందో తెలుసుకోవాలంటే ఏమి అడగాలి?

జవాబు – పెన్నాగట్టు

మీ ప్రశ్నకు సూటిగా సమాధానం చెప్పేముందు మా నెల్లూరు జిల్లా సంగతి ఒకటి గుర్తు చేయాలి. సంఘాలను పైనుంచి ఎవరో తెచ్చి ఇచ్చారన్న భావన ఈ నివేదికలన్నిటిలో కనిపిస్తుంది, కానీ మా దగ్గర జరిగిన క్రమం వేరు. 1990ల మొదట్లో సంపూర్ణ అక్షరాస్యత ఉద్యమంలో భాగంగా రాత్రి బడులకు వచ్చిన ఆడవాళ్లు, పలకమీద అక్షరాలతోపాటు తమ కూలి డబ్బు ఎటు పోతున్నదో కూడా చర్చించుకున్నారు. 1992లో దూబగుంటలో రోసమ్మ, ఆమె తోటివారు సారా దుకాణాన్ని మూయించారు. ఆ తరువాత జిల్లాలో సారా వేలంపాటలు జరగకుండా అడ్డుకున్నారు. 1993 అక్టోబరు 1 నుంచి రాష్ట్రమంతటా సారాను నిషేధించక తప్పలేదు. రోజుకు ఒక రూపాయి దాచుకునే పొదుపు లక్ష్మి సంఘాలు మా జిల్లాలో పుంజుకున్నది ఆ పోరాటం తరువాతే.

అంటే ముందు ‘వద్దు’ అనగలిగారు, డబ్బు వెనుక వచ్చింది. తరువాతి కాలంలో వెలుగు అనే పేదరిక నిర్మూలన కార్యక్రమానికి ప్రపంచ బ్యాంకు రుణం వచ్చినప్పుడు ఈ క్రమం తలకిందులైందని నా అభిప్రాయం. అందుచేత మీరు అడగవలసిన మొదటి ప్రశ్న, “ఎంత రుణం తీసుకున్నారు?” అన్నది కాదు, “ఎప్పుడైనా రుణం వద్దన్నారా, అంటే ఏమైంది?” అన్నది.

జవాబు – కౌలురైతు బిడ్డ

పెన్నాగట్టు గారు చెప్పినదానిని కాదనను, కానీ ఆ పోరాటాన్ని తలచుకుని మురిసిపోవడంలో ఒక ప్రమాదం ఉన్నది. అదే రాష్ట్రంలో, ఉద్యమం ముగిసి రెండు దశాబ్దాలైనా కాకముందే, 2010లో ప్రైవేటు మైక్రోఫైనాన్సు (చిన్న రుణాలిచ్చే) సంస్థల వాయిదాలు కట్టలేక ఎందరో మహిళలు ఆత్మహత్యలకు పాల్పడ్డారన్న వార్తలు వచ్చాయి. ఆ అక్టోబరులో ప్రభుత్వం ఆర్డినెన్సు తెచ్చి, వారం వారం వసూళ్లను, ఇళ్ల మీదికి వెళ్లడాన్ని కట్టడి చేసింది. మహిళలకే అప్పు ఇవ్వడానికి కారణం వారి హక్కుల మీద మక్కువ కాదు. ఊరు విడిచి పారిపోరు, పరువుకు భయపడతారు, ఒకరు కట్టకపోతే మిగిలిన సభ్యులే గుమ్మం ముందు కూర్చుంటారు. స్త్రీకి ఉన్న బలహీనతనే పూచీకత్తుగా వాడుకున్నారు.

ఇది మన ఒక్కచోటి కథ కూడా కాదు. బంగ్లాదేశ్‌లో గ్రామీణ రుణ కార్యక్రమాలను పరిశీలించి ఆన్ మేరీ గోట్జ్, రీనా సేన్ గుప్తా 1996లో ప్రచురించిన అధ్యయనం, స్త్రీల పేరిట ఇచ్చిన రుణాలలో గణనీయమైన భాగం మీద అదుపు ఇంటి మగవారిదేనని చూపింది. మీ పెద్దావిడ ఒక్క వాక్యంలో చెప్పినది అదే. ఆమెను “పోయిన కంతు ఏ డబ్బుతో కట్టారు?” అని అడిగి చూడండి. కూలి డబ్బా, వేరే అప్పా, తాకట్టు పెట్టిన కమ్మలా అన్నది తెలిస్తే చాలు.

జవాబు – పాత వకీలు

రుణం మీదనే చర్చ అంతా నడుస్తున్నది, భూమి మాట ఎవరూ ఎత్తలేదు. ఆడపిల్లకు ఉమ్మడి ఆస్తిలో కొడుకుతో సమానమైన వాటా ఇస్తూ మన రాష్ట్రం 1986లోనే హిందూ వారసత్వ చట్టాన్ని సవరించింది, దేశమంతటికీ ఆ మార్పు 2005లో గాని రాలేదు. అయినా పుట్టింటి పొలంలో వాటా అడిగిన ఆడపడుచుకు పండుగకు పిలుపు రాదన్న సంగతి కోర్టు పక్షులకు బాగా తెలుసు. వెలుగు కార్యక్రమంలో భూమి లేని పేద కుటుంబాలకు కొన్ని చోట్ల పొలం కొని మహిళల పేరిట రిజిస్టరు చేయించారు. నా దృష్టిలో ఆ మొత్తం ప్రయత్నంలో అన్నిటికంటే గట్టి పని అది. తెలంగాణలో 2018లో మొదలైన రైతుబంధు సాయం పట్టాదారులకే అందింది, కౌలుకు చేసే ఆడమనిషికి చేరలేదు. కాబట్టి మీ ఫారంలో భూమి పాసుపుస్తకం ఎవరి పేరిట ఉన్నదో అడగండి.

అంతర్జాతీయ ఒడంబడికలు కాగితాలకే పరిమితమని తీసిపారేయకండి. రాజస్థాన్‌లో యూనిసెఫ్ సహకారంతో 1984లో మొదలైన మహిళాభివృద్ధి కార్యక్రమంలో భఁవరీ దేవి సాథిన్‌గా, అంటే ఊరి కార్యకర్తగా, పనిచేశారు. బాల్యవివాహాన్ని ఆపబోయినందుకు 1992లో ఆమెపై సామూహిక అత్యాచారం జరిగింది. అభివృద్ధి పేరిట ఆమెచేత పని చేయించుకున్నవారు, ఆ పనిలో ఆమెకు కావలసిన రక్షణ గురించి ఆలోచించలేదు. ఆ ఘటన తరువాత వేసిన వ్యాజ్యంలో, 1997 నాటి విశాఖ తీర్పులో సుప్రీంకోర్టు, పనిచోట లైంగిక వేధింపులపై దేశీయ చట్టం లేని ఖాళీని పూరించడానికి ఐక్యరాజ్యసమితి 1979లో ఆమోదించిన మహిళా వివక్ష నిర్మూలన ఒడంబడికను ఆధారం చేసుకున్నది. భారతదేశం దానిని ధ్రువీకరించినది 1993లో. (ఇక్కడి విశాఖ ఒక సంస్థ పేరు, మన విశాఖపట్నం కాదు.) మీ సంస్థ తరఫున ఊళ్లలో తిరిగే మహిళలకు ఇస్తున్నది జీతమా, గౌరవ వేతనమా? దాతలకు పంపే నివేదికలో ఆ గడి కూడా ఉండాలి.

ప్రశ్న అడిగినవారి మాట – ఒంగోలువాసి

వకీలు గారి చివరి ప్రశ్న నాకు సూటిగా తగిలింది. మా ఊరి కార్యకర్తలకు ఇస్తున్నది గౌరవ వేతనమే, అదీ మూడు నెలలకొకసారి. వచ్చే విడతకు ఆ శాతం గడిని తీసివేసే అధికారం నాకు లేదు కాని, దాని కింద నాలుగు వరుసలు చేర్చడానికి మా పర్యవేక్షకురాలు ఒప్పుకున్నారు: రుణం వద్దన్నప్పుడు ఏమైంది, పోయిన కంతు ఏ డబ్బు, పాసుపుస్తకం ఎవరిది, కార్యకర్తకు ముట్టినది ఎంత.

జవాబు – పెన్నాగట్టు

సంతోషం. ఒక్క జాగ్రత్త. సంఘం లీడరు ఇంటి వసారాలో ఆ ప్రశ్నలు అడగకండి. మధ్యాహ్నం అన్నాలైన తరువాత, చేలో గట్టున కూర్చున్నప్పుడు అడగండి.