మన ఎండలకి, మన నీళ్ళకి అడుగున తిరిగే చిన్న చేపలు: ఏ ట్యాంక్, ఏ కోరీలు?

ఒంగోలు_కొత్తట్యాంక్
అందరికీ నమస్తే. ఇంట్లో అక్వేరియం పెడదామనుకుంటున్నా. మా పాప వీడియోల్లో కోరీలు చూసింది, ఇసుకలో మూతి పెట్టి వెతుక్కునే ఆ చేపలే కావాలని పట్టుబట్టింది. షాపులో అడిగితే అడుగున్నర పొడవు, రెండడుగుల ఎత్తు ఉన్న ట్యాంక్ చూపించారు. రంగు రాళ్ళు పోసి రెండు కోరీలు, ఒక సక్కర్ చేప వేసుకోండి, సక్కర్ ఉంటే ట్యాంక్ కడిగే పని ఉండదు అన్నారు. మాకు మున్సిపల్ నీళ్ళు వస్తాయి, బోరు ఉంది గానీ ఉప్పగా ఉంటుంది. మూడో అంతస్తు, హాల్లో పడమటి గోడ పక్కన జాగా ఉంది. ఎండాకాలం ఎట్టా నెట్టుకురావాలి అనేదే నా టెన్షన్. పెంచినవాళ్ళు కాస్త చెప్పండి.

పెన్నా_గట్టు
అన్నా, ఆ ట్యాంక్ మాత్రం తీసుకోవద్దు. కోరీలకి ఎత్తుతో పనిలేదు, వాటికి కావాల్సింది నేల. పైగా అవి మాటిమాటికీ పైకొచ్చి ఒక గుక్క గాలి మింగి మళ్ళీ కిందికి పోతాయి, ఆ గాలిని పేగులతో పీల్చుకుంటాయి, కాబట్టి రెండడుగుల ఎత్తు పెడితే వాటికి ఆ తిరుగుడు ఎక్కువవుతుంది తప్ప లాభం లేదు. 24 అంగుళాల పొడవు, 12 వెడల్పు, 12 ఎత్తు కొట్టించుకో, 56 లీటర్లు పడతాయి. చిన్న రకాలు ఒక గుంపు హాయిగా ఉంటాయి. జాగా, డబ్బు ఉంటే 36 పొడవు, 18 వెడల్పు వేయించుకో, ఎక్కువ నీళ్ళుంటే వేడి కూడా నిదానంగా ఎక్కుతుంది.

రెండే కోరీలు అనేది ఇంకో అన్యాయం. అవి గుంపు చేపలు. ఆరుకి తక్కువైతే మూలన నక్కి కూర్చుంటాయి, తిండికి కూడా బయటికి రావు. అదే ఒకే రకం ఎనిమిదో పదో వేస్తే పగలంతా కలిసి తిరుగుతాయి, మీ పాప చూడాలనుకున్నది అదే కదా. ఒక్కో రకానికి ఒకటి చొప్పున కలగాపులగంగా వేయడం వద్దు.

రంగు రాళ్ళ సంగతి. కోరీ ఇసుకని నోట్లోకి తీసుకుని, అందులో తిండి ఏరుకుని, మిగతాది మొప్పల్లోంచి వదిలేస్తుంది. రాళ్ళయితే ఆ పని చేయలేదు. రాళ్ళ సందుల్లో మిగిలిన తిండి కుళ్ళి, ఆ మురికిలో మూతి పెట్టీ పెట్టీ మీసాలు అరిగిపోతాయి. షాపు ట్యాంకుల్లో మీసాలు లేని కోరీలు ఎన్ని కనిపిస్తాయో ఈసారి చూడు, కొనేముందు మీసాలు చూసే కొను. ఇల్లు కట్టే చోట దొరికే ఏటి ఇసుకే చాలు. సన్న జల్లెడ పట్టి, నీళ్ళు తేటగా వచ్చేదాకా కడిగి, అంగుళంన్నర మందాన పరిస్తే సరి. గూడూరు వైపు సిలికా ఇసుక కూడా పనికొస్తుంది, నీటి గుణం మార్చదు, కాకపోతే మరీ తెల్లటి ఇసుక మీద చేపలు రంగు తేలిపోయి కనపడతాయి, చేత్తో నలిపి గరుకుగా గుచ్చుకుంటే అది వద్దు. సముద్రపు ఇసుక అసలే వద్దు, అందులో గవ్వల పొడి ఉంటుంది, నీళ్ళ గట్టితనం పెంచుతూనే ఉంటుంది. అనుమానంగా ఉంటే కాస్త వెనిగర్ పోసి చూడు, నురగలొస్తే పారేయ్.

పడమటి గోడ వద్దే వద్దు.

కనిగిరి_బోరు
పెన్నా గట్టు అన్న చెప్పినదంతా కరెక్టే, కానీ రకం సంగతి చెప్పలేదు. మా దగ్గర అన్నిటికన్నా ముందు చూడాల్సింది అదే. షాపులో అన్నీ కోరీలే అంటారు గానీ అన్నిటి తట్టుకునే శక్తి ఒకటి కాదు. పాండా కోరీ, పెప్పర్ కోరీ చల్లటి నీళ్ళ చేపలు, 24 డిగ్రీలు దాటి వారాల తరబడి ఉంటే నీరసించిపోతాయి. రోహిణి కార్తెలో రోళ్ళు పగులుతాయంటారు, అప్పుడు ఇంట్లో ట్యాంక్ నీళ్ళు 31, 32కి ఈజీగా పోతాయి. మన వైపు పెంచదగ్గది స్టెర్బై కోరీ. నల్లటి ఒంటి మీద తెల్ల చుక్కలు, ముందు రెక్కలకి నారింజ రంగు ముల్లు. బ్రెజిల్, బొలీవియా మధ్య గ్వాపొరే నదిది, 28 వరకూ దానికి మామూలే. రేటు కొంచెం ఎక్కువ. తర్వాత బ్రాంజ్ కోరీ, తెల్లగా ఎర్ర కళ్ళతో అమ్మే అల్బినో కూడా ఎక్కువగా అదే, గట్టి నీళ్ళని బాగా ఓర్చుకుంటుంది, కాకపోతే ఎండాకాలం దానికి ఫ్యాన్ తప్పదు. ఒంటికి గులాబీ, ఆకుపచ్చ రంగులెక్కించి అమ్మేవి కొనొద్దు, పాపం వాటిని అట్టా హింసపెడతారు.

నీళ్ళ విషయం. మా బోరు నీళ్ళలో టీడీఎస్ మీటరు (కరిగిన ఉప్పులు ఎంతున్నాయో చూపేది) పెడితే గుండె ఆగుతుంది, ఫ్లోరైడ్ సంగతి జిల్లా అంతటికీ తెలిసిందే. నేను ప్లాంటు నుంచి వచ్చే ఇరవై లీటర్ల క్యాన్ నీళ్ళు, బోరు నీళ్ళు కలిపి వాడతాను. ఉత్త క్యాన్ నీళ్ళే పోస్తే మాత్రం అందులో ఖనిజాలు దాదాపు ఉండవు, పీహెచ్ నిలబడదు, ఉన్నట్టుండి పడిపోతుంది. ఇంకోటి, ఎండాకాలం నీళ్ళు ఆవిరైపోతాయి గానీ ఉప్పులు ట్యాంకులోనే ఉండిపోతాయి. తగ్గినంత మేర మళ్ళీ బోరు నీళ్ళు పోస్తూ పోతే రెండు నెలల్లో ట్యాంక్ నీళ్ళు బోరు కన్నా ఉప్పగా తయారవుతాయి. ఆవిరైన దానికి బదులు క్యాన్ నీళ్ళే పోయాలి, వారం వారం మార్చేటప్పుడు మాత్రం కలిపిన నీళ్ళు.

గూడూరు_గప్పీ
మా ఇంట్లో రెండు కోరీలే ఉన్నాయి, బానే తిరుగుతున్నాయి బ్రో. ఆరు అంటే చిన్న ట్యాంక్ వాళ్ళకి ఎట్టా?

పెన్నా_గట్టు
బ్రో, బతుకుతాయి, కాదనను. ఇంకో నాలుగు అదే రకం తెచ్చి వేసి చూడు, అవే చేపలేనా అనిపిస్తుంది. చిన్న ట్యాంక్ అయితే పిగ్మీ కోరీలు చూసుకో, రెండు మూడు సెంటీమీటర్లే ఉంటాయి, ఎనిమిది పది పట్టేస్తాయి. అవి అడుగునే కాదు, మధ్యలో కూడా గుంపుగా నిలబడి ఈదుతాయి. కాకపోతే వాటికీ వేడి పడదు, ఏసీ గది ఉన్నవాళ్ళకే చెప్తాను.

రొయ్యలచెరువు_కొత్తపట్నం
ఒంగోలు అన్నా, మా ఇంట్లో రొయ్యల సాగు, అందుకని నేను నీళ్ళ వైపు నుంచే చెప్తా. చెరువులో మేము రోజూ చూసే అమ్మోనియా, పీహెచ్, ఆక్సిజన్ ఇవే ట్యాంకులోనూ చేపని చంపేవి. చేప మలం, మిగిలిన తిండి నుంచి అమ్మోనియా పుడుతుంది, ఫిల్టర్ స్పాంజిలో పెరిగే బ్యాక్టీరియా దాన్ని ముందు నైట్రైట్‌గా, తర్వాత నైట్రేట్‌గా మారుస్తుంది. ఆ బ్యాక్టీరియా స్థిరపడటానికి నాలుగు నుంచి ఆరు వారాలు పడుతుంది. ట్యాంక్ కొన్న రోజే చేపలు వేస్తే ఆ విషం మొత్తం వాటి మీదే. మన నీళ్ళకి ఇది ఇంకా ముఖ్యం, ఎందుకంటే పీహెచ్ 7 నీళ్ళలో ఉన్న అమ్మోనియానే 8కి వెళ్తే దాదాపు పది రెట్లు విషమవుతుంది, వేడి దానికి తోడు. మన బోర్లలో 8 మామూలే కదా. టెస్ట్ కిట్లు ఆక్వా మందుల షాపుల్లో దొరుకుతాయి, అక్వేరియం షాపుకే పోనక్కర్లేదు. కిట్ కొనేటప్పుడు మంచినీళ్ళకి పనికొస్తుందో లేదో మాత్రం అడుగు.

మున్సిపల్ నీళ్ళలో క్లోరిన్ ఉంటుంది. టబ్బులో పట్టి ఒక రోజంతా గాలి కొట్టిస్తే పోతుంది, తొందరైతే అదే ఆక్వా షాపులో హైపో, అంటే సోడియం థయోసల్ఫేట్ అడుగు, హేచరీల్లో వాడేదే.

కరెంటు సంగతి మర్చిపోకండి. 25 డిగ్రీల నీళ్ళు లీటరుకి ఎనిమిది మిల్లీగ్రాములకి పైన ఆక్సిజన్ పట్టుకుంటాయి, 32 దగ్గర ఏడు చిల్లర. అంటే ఎండాకాలం కరెంటు పోతే టైం తక్కువ. 2023 డిసెంబరులో మిచౌంగ్ తుపాను బాపట్ల దగ్గర తీరం దాటినప్పుడు మన తీరమంతా ఎట్టా తల్లడిల్లిందో తెలుసుగా, అట్టాంటి రోజుల కోసం బ్యాటరీ గాలి పంపు ఒకటి ఇంట్లో పడేసి ఉంచాలి. కోరీలు పైకొచ్చి గాలి మింగుతాయి కాబట్టి కాస్త ఓర్చుకుంటాయి గానీ మిగతావి ఓర్చుకోవు. కోరీలు మామూలు కన్నా ఎక్కువసార్లు పైకి పరుగెత్తుతుంటే అది నీళ్ళు పాడయ్యాయని కబురు, వెంటనే కిట్ పెట్టి చూడాలి.

మైపాడురోడ్డు_అక్క
పాప కోసం అంటున్నారు కాబట్టి కుహ్లీ లోచ్ కూడా చూడండి. చిన్న పాముపిల్లలా ఉంటాయి, పసుపు మీద నల్ల పట్టీలు, ఆగ్నేయాసియా చేపలు, మన వేడికి కోరీల కన్నా నయం. ఇసుకలో దూరి తల ఒక్కటి బయటపెట్టి చూస్తాయి, చూస్తుంటే ప్రాణం లేచొస్తుంది. పగలు పెద్దగా కనపడవు, ముందే చెప్తున్నా, పాప నిరుత్సాహపడకుండా. రెండు జాగ్రత్తలు: మూత ఎక్కడా సందు లేకుండా ఉండాలి, రాత్రి పైకెక్కి వైరు సందులోంచి కూడా బయటపడతాయి. ఫిల్టర్ నీళ్ళు లాగే గొట్టానికి స్పాంజి తొడగాలి, లేదంటే లోపలికి దూరతాయి. అందుకే నేను స్పాంజి ఫిల్టరే వాడతాను.

నాటు బాదం ఆకులు రాలినవి ఎండబెట్టి ఒకటి రెండు వేయండి, నీళ్ళు టీ రంగులోకి వస్తాయి, భయపడొద్దు. లోచ్‌లు, కోరీలు ఆ ఆకుల కిందే ఉంటాయి. పురుగుమందు కొట్టని చెట్టువి అయితేనే.

తిండి లైట్లు ఆర్పాక వేయండి, మునిగే గుళికలు. కింద చేపలు మిగిలింది తిని బతుకుతాయని షాపుల్లో చెప్తారు, ఆ మాట నమ్మి వాటిని ఆకలితో మాడ్చేవాళ్ళు చాలామంది. వారానికోసారి ఆర్టీమియా (రొయ్య జాతి సన్న పురుగు) పిల్లలు పెడితే పండగే వాటికి. హేచరీల్లో ఎవరైనా తెలిసుంటే గుడ్ల డబ్బాలోంచి కొంచెం అడిగి తెచ్చుకోండి, ఉప్పునీళ్ళలో గాలి కొడితే ఒక రోజులో పొదుగుతాయి. మురుగుకాలవల్లో పట్టే ట్యూబిఫెక్స్ పురుగులు మాత్రం నేను ముట్టుకోను.

ఒంగోలు_కొత్తట్యాంక్
అందరికీ చాలా థ్యాంక్స్. సక్కర్ చేప సంగతి ఎవరూ చెప్పలేదు?

కనిగిరి_బోరు
వద్దన్నా. అరచేతిలో పట్టేదాన్ని అమ్ముతారు, అది అడుగు దాటి పెరుగుతుంది, ట్యాంక్ శుభ్రం చేయదు సరికదా అందరికన్నా ఎక్కువ మలం వేస్తుంది. పెరిగాక ఏం చేయాలో తెలియక చెరువులో, కాలవలో వదిలేస్తారు. అది అక్కడ గట్లు తవ్వి, మన చేపల తిండి తిని, వలలు చించుతుంది. జాలర్లు డెవిల్ ఫిష్ అని తిట్టుకునేది దాన్నే. ఎవరి దగ్గర ఉన్నా తిరిగి షాపులో ఇచ్చేయండి, చెరువులో మాత్రం వేయొద్దు దయచేసి.

పెన్నా_గట్టు
ఎండకి ఒక మాట. మూత తీసి పైన వల బిగించి చిన్న టేబుల్ ఫ్యాన్ నీళ్ళ మీదికి పెడితే రెండు మూడు డిగ్రీలు తగ్గుతుంది. గాలిలో తేమ ఎక్కువున్న రోజు అంత తగ్గదు, అప్పుడు గాలి పంపు పెంచుకోవాలి. ఐసు ముక్కలు నేరుగా వేయొద్దు. జబ్బు చేస్తే కోరీలకి, లోచ్‌లకి ఉప్పు, రాగి మందులు పడవు, తెల్ల చుక్కల జబ్బుకి వాడే మందు సీసా మీద రాసిన డోసులో సగంతో మొదలుపెట్టు.

కొనడానికి చెన్నై కొళత్తూరు పోతే రకాలు బాగా దొరుకుతాయి, రేటు కూడా నయం. కోరీలని ఒకే కవర్లో కుక్కొద్దని చెప్పు, బెదిరితే విషం వదులుతాయి, అదే నీళ్ళలో అవే చస్తాయి. రెక్క ముళ్ళు కూడా కవర్ని, వలని గుచ్చుకుంటాయి, గిన్నెతో పట్టడమే మేలు.

ఒంగోలు_కొత్తట్యాంక్
అయితే స్టెర్బై ఎనిమిది, 24×12. తూర్పు గదిలోకి మారుస్తా. చేపలు నెలన్నర తర్వాతే. ఎత్తు 12 కాకుండా 15 చేయిస్తే అద్దం 5 ఎంఎం చాలా?

పెన్నా_గట్టు
12కి 5 చాలు, 15కి 6 వేయించు. నీళ్ళు, ఇసుక, అద్దం కలిపి చిన్నదే 70 కిలోల దాకా ఉంటుంది, స్టాండ్ గట్టిదై ఉండాలి, అడుగున థర్మాకోల్ షీటు వేయి. నీళ్ళు నింపి ఇంట్లో రెండు రోజులు ఉంచి చెమ్మ చూసుకున్నాకే ఇసుక పోయి. ఫిల్టర్ తెచ్చాక నాకు మెసేజ్ పెట్టు, నా ట్యాంకులోది పాత స్పాంజి ముక్క ఇస్తా, ఆ నెలన్నర సగానికి తగ్గుతుంది.