ఇంట్లో చికెన్ ఎంచిలాడాలు ముద్దైపోకుండా ఎలా చేస్తున్నారు? వైజాగ్ వాళ్లు చెప్పండి

ఉప్పుగాలి (ఎంవీపీ కాలనీ):
నమస్కారం అండి. వచ్చే ఆదివారం మా పాప పుట్టినరోజు. స్నేహితురాళ్లు ఆరుగురు వస్తున్నారు. బిర్యానీ వద్దట, ఎంచిలాడాలు కావాలట, అదే మెక్సికో వాళ్లు రొట్టెలో కూర చుట్టి మిరప సాస్ పట్టించి చేసేవి. ముందుగా ఒకసారి చేసి చూద్దామని మొన్న అరకిలో బోన్‌లెస్ చికెన్, రెండు క్యాప్సికం, గుప్పెడు స్వీట్‌కార్న్, కట్ట పాలకూర వేసి కూర వండాను. మిల్లులో ఆడించిన మొక్కజొన్న పిండితో రొట్టెలు చేస్తే చుట్టేటప్పుడు మధ్యకి చీలిపోయాయి. సరే అని గోధుమ చపాతీల్లో చుట్టి, ట్రేలో పేర్చి, సాస్ నిండా పోసి ఓటీజీలో (చిన్న కరెంటు ఓవెన్) 40 నిమిషాలు పెట్టాను. తీసి చూస్తే ఒక చుట్టకీ ఇంకో చుట్టకీ తేడా తెలియలేదు. గరిటెతో ఉప్మాలా తీసి వడ్డించాను. సాస్‌లో మన గుంటూరు కారం వేశాను, పాప రెండు ముద్దలు తిని నీళ్లకు లేచింది.

రొట్టె చీలకూడదు, లోపల ముద్ద కాకూడదు, కారం పిల్లలు తట్టుకునేలా ఉండాలి. మీరు చేసి చూసిందే చెప్పండి, పుణ్యముంటుంది.

అట్లకాడ (సీతమ్మధార):
మీ ట్రేలో నీళ్లు మూడు దిక్కుల నుంచి వచ్చాయండి. చికెన్ ఊరిన నీళ్లు, పాలకూర నీళ్లు, పైన పోసిన సాస్. నాకూ మొదటి రెండుసార్లు ఇదే అయింది.

ఇప్పుడు నేను చేసేది చెప్తాను. చికెన్ నాలుగు వెల్లుల్లి రెబ్బలు, ఉప్పు వేసి ఉడికించి, చల్లారాక చేత్తో పీచులుగా చీరుస్తాను. ఆ నీళ్లు పారబొయ్యను, సాస్‌లోకి పనికొస్తాయి. కూరగాయలు విడిగా, పెద్ద మంట మీద, వెడల్పు మూకుడులో. మూత పెట్టకూడదు. పెడితే మగ్గి నీళ్లు దిగుతాయి. పాలకూర వేడినీళ్లలో ముంచి తీసి పిడికిట్లో గట్టిగా పిండాలి. ఒక కట్ట పిండితే నిమ్మకాయంత ఉండ మిగులుతుంది, అంత పిండాలి. అన్నీ కలిపాక గిన్నె వంచి చూడండి. అడుగున నీరు కదిలితే మళ్లీ పొయ్యి మీదికే.

సాస్ అడుగున రెండు గరిటెలు పూతలా, పైన రెండు గరిటెలు. అంతే. చుట్టల అంచు కిందికి ఉండాలి, లేకపోతే విప్పుకుంటాయి. ఓవెన్ ముందు పది నిమిషాలు వేడెక్కాలి. 190 డిగ్రీల్లో ఫాయిల్ కప్పి 15 నిమిషాలు, ఫాయిల్ తీసి చీజ్ కరిగి మచ్చలు పడేదాకా ఇంకో 8. లోపల అంతా ఉడికినదే కాబట్టి 40 నిమిషాలు అక్కర్లేదండి.

ఫ్యూజు (ఎన్ఏడీ):
వంట నాకు రాదు, ఒక్క మాట చెప్పి వెళ్తాను. ఓటీజీ 1500 వాట్లది అయితే సెల్‌ఫోన్ పెట్టే చిన్న ప్లగ్గులో అడాప్టర్ వేసి పెట్టకండి. చిన్న సాకెట్ 6 ఆంపియర్లది, 230 వోల్టుల దగ్గర అది మోసేది 1380 వాట్లే. ఏసీకి వాడే 16 ఆంపియర్ల పాయింట్‌లోనే పెట్టండి. మా చెల్లి ఇంట్లో సాకెట్ నల్లగా కమిలిపోయాక మార్పించాం.

గాజువాక వంటిల్లు:
కారం సంగతి నేను చెప్తాను అక్కా. మెక్సికో వాళ్ల ఎండుమిరపకాయలు ఆంచో, గ్వాహియో లాంటివి రంగు, రుచి ఇస్తాయి, మంట తక్కువ. మన దగ్గర దొరికేవాటిలో వాటికి దగ్గరగా ఉండేది బ్యాడిగి మిర్చి. గుంటూరు కాయ, అందులోనూ తేజ రకం, దీనికి పనికిరాదు. రంగు వచ్చేంత వేస్తే ఎవరూ తినలేరు, తినగలిగేంత వేస్తే సాస్ టమాటా చారులా తేలిపోతుంది. పూర్ణా మార్కెట్‌లో ఎండుమిర్చి కొట్లో బ్యాడిగి అని అడగండి, ముడతలు ముడతలుగా ఉంటాయి.

15 కాయలు తొడిమలు తీసి, గింజలు దులిపి, పెనం మీద సన్నని సెగన అటూ ఇటూ అర నిమిషం. వాసన వచ్చిన వెంటనే తీసెయ్యాలి. ఒక్క కాయ మాడినా సాస్ మొత్తం చేదు, బెల్లం వేసినా పోదు. వేడినీళ్లలో 20 నిమిషాలు నానబెట్టండి. మూడు టమాటాలు మంట మీద తొక్క నల్లబడేలా కాల్చండి, వంకాయ పచ్చడికి కాల్చినట్టే. ఇవన్నీ అర ఉల్లిపాయ, ఐదు వెల్లుల్లి రెబ్బలు, అర చెంచా జీలకర్రతో మెత్తగా రుబ్బి జల్లెడ పట్టండి. మిరప తొక్క పంటి కింద పడితే బాగోదు. రెండు చెంచాల నూనె కాగాక పోసి పచ్చివాసన పోయేదాకా వేయించి, చికెన్ ఉడికిన నీళ్లు ఒక గ్లాసు పొయ్యండి. గరిటె వెనక వేలితో గీత గీస్తే ఆ గీత నిలవాలి. పన్నెండు చుట్టలకి సరిపోతుంది.

ధనియాల పొడి, గరం మసాలా మాత్రం వెయ్యకండి. వేసిన క్షణం నుంచి అది మన కోడికూరే.

లంగరు (మల్కాపురం):
నేను మర్చంట్ నేవీలో చేసి వచ్చానండి. మా ఓడ మెక్సికోలో మాంజనిల్లో పోర్టుకి వెళ్లినప్పుడు రోడ్డు పక్క బండి దగ్గర తిన్నాను. అక్కడ ఓవెన్ లేదు. బండి ఆవిడ మొక్కజొన్న రొట్టెను సాస్‌లో ముంచి, పెనం మీద నూనెలో అటూ ఇటూ తిప్పి, కోడి పీచు పెట్టి చుట్టి, పైన పచ్చి ఉల్లిపాయ, పొడి పొడిగా ఉండే చీజ్ చల్లి ఇచ్చింది. ఎంచిలాడా అంటేనే స్పానిష్‌లో మిరపకాయ పట్టించినది అని. చీజ్ దండిగా వేసి ఓవెన్‌లో పెట్టడం అమెరికా వైపు ఎక్కువ. మెక్సికోలో సుయిసాస్ అనే రకానికి మాత్రం పాలమీగడ, చీజ్ వేసి పైన ఎర్రబడేలా చేస్తారు.

ఇక మీ రొట్టె ఎందుకు చీలిందంటే, వాళ్ల పిండి మన మిల్లు పిండి కాదండి. వాళ్లు మొక్కజొన్న గింజల్ని సున్నపు నీళ్లలో ఉడికించి రాత్రంతా ఉంచుతారు. తొక్క ఊడిపోతుంది, పిండికి జిగి వస్తుంది, గింజలో ఒంటికి పట్టకుండా ఉండే నియాసిన్ అనే బి విటమిన్ కూడా విడుదలవుతుంది. ఇంటికి వచ్చాక ఇది నేనే చేసి చూశాను. కిలో ఎండు గింజలకి మూడు లీటర్ల నీళ్లు, పది గ్రాముల సున్నం. తాంబూలంలో వేసుకునే సున్నమే వాడాలి, గోడలకి వేసేది కాదు. స్టీలు గిన్నెలోనే చెయ్యాలి, అల్యూమినియంని సున్నం తినేస్తుంది. నలభై నిమిషాలు ఉడికించి దింపి మూత పెట్టి పడుకున్నాను.

తెల్లారి మూత తీస్తే నీళ్లు పసుపు కలిపినట్టున్నాయి. గింజని బొటనవేలితో నలిపితే తొక్క జారి చేతికి అంటుకుంది, నానిన మినప్పప్పు పొట్టు వచ్చినట్టే. వాసన బీచ్ రోడ్డులో కాల్చిన పొత్తుది కాదు, మాంజనిల్లో బండిది. మా ఆవిడని పిలిచి చూపించాను. మూడు నీళ్లు కడిగి గ్రైండర్లో వేశాను. నీళ్లు చిలకరించినట్టు మాత్రమే పొయ్యాలి, నేను ఎక్కువ పోసేసరికి పిండి జారైంది. రెండోసారి కుదిరింది. చెక్కలు ఒత్తినట్టు రెండు కవర్ల మధ్య పెట్టి పళ్లెంతో అదిమి, పెనం మీద కాల్చాను. చుట్టితే చీలలేదు. మన ఉక్కపోతకి ఆ పిండి సాయంత్రానికే పులుస్తుంది, పొద్దున రుబ్బింది మధ్యాహ్నానికి కాల్చెయ్యండి.

ఉప్పుగాలి:
లంగరు గారూ, రెండుసార్లు చదివాను. ఏడుగురు పిల్లలకి ఆదివారం ఒక్కదాన్నే ఇంత చెయ్యగలనా అని భయంగా ఉందండి. మధ్యేమార్గం ఏదైనా ఉందా?

అట్లకాడ:
ఉందండి. కప్పు మొక్కజొన్న పిండికి కప్పు గోధుమ పిండి. జొన్నరొట్టెకి ఎసరు పోసినట్టు, మొక్కజొన్న పిండి మీద మరిగే నీళ్లు పోసి గరిటెతో కలిపి మూత పెట్టి, చేయి పట్టే వేడికి వచ్చాక గోధుమ పిండి వేసి పిసకండి. ఉడుకు నీళ్లకి ఆ పిండి సగం ఉడికి పట్టు వస్తుంది. చపాతీ కంటే కాస్త ఎక్కువ కాల్చి రెండు వైపులా నూనె రాయండి. సాస్ లోపలికి ఇంకకుండా ఆ నూనే అడ్డు. కాల్చినవి గుడ్డలో చుట్టి ఉంచి వెచ్చగా ఉండగానే చుట్టెయ్యండి, చల్లారితే మళ్లీ చీలతాయి.

పెరటి మడి (మధురవాడ):
ఈ వంటలో వేసే ఒరెగానో అనే ఘాటు ఆకు కొనాల్సిన పనిలేదని చెప్పడానికి వచ్చాను. కుండీలో వాము ఆకు ఉంటే చాలు, మనం బజ్జీలు వేసుకునేదే. ఒరెగానోలో ఘాటు ఇచ్చే కార్వక్రాల్, థైమాల్ ఇందులోనూ ఉన్నాయి. పన్నెండు చుట్టలకి రెండు ఆకులు సన్నగా తరిగి కూరలో వెయ్యండి. నేను మొదటిసారి ఆరు వేశాను, దగ్గుమందు తాగినట్టుంది.

కూరగాయల విషయంలో అందరూ క్యాప్సికం దగ్గరే ఆగిపోతారు గానీ తీపి గుమ్మడికాయ వేసి చూడండి. వేలి గోరంత ముక్కలు కోసి, ఉప్పు, జీలకర్రతో అంచులు ఎర్రబడేలా వేయిస్తే ఆ మిరప సాస్‌కి భలే జోడీ. రైతు బజార్‌లో ముక్క కొట్టి ఇస్తారు. మా అత్తగారు శనివారాలు మాంసం ముట్టరు. ఆవిడకి గుమ్మడి, ఉడికిన రాజ్మా, చిదిమిన పనీర్‌తో విడిగా చిన్న ట్రే చేస్తాను. మాకంటే ఆవిడే ఎక్కువ ఇష్టంగా తింటారు.

అద్దెగది (పెదవాల్తేరు):
ఓవెన్ లేనివాళ్లం ఏం చెయ్యాలి అన్నా? ఇద్దరం యూనివర్సిటీలో చదువుతున్నాం, ఒక సింగిల్ బర్నర్ స్టవ్, ఐదు లీటర్ల కుక్కర్.

గాజువాక వంటిల్లు:
కుక్కర్ చాలు తమ్ముడూ. అడుగున కల్లుప్పు గుప్పెళ్లతో పరిచి, చిన్న స్టాండు పెట్టి, గాస్కెట్టూ వెయిటూ తీసేసి మూత వేసి పది నిమిషాలు కాగనివ్వు. నీళ్లు పొయ్యకూడదు. స్టీలు పళ్లెంలో నాలుగు చుట్టలు పెట్టి సన్నని సెగన 20 నిమిషాలు. చీజ్ కరుగుతుంది గానీ పైన ఎర్రబడదు. మా అమ్మమ్మ దిబ్బరొట్టెకి మూత మీద నిప్పులు వేసేది, ఆ పై సెగ కుక్కర్లో ఉండదు. అందుకని నేను చుట్టల్ని ముందే పెనం మీద కొంచెం నూనెతో అన్ని వైపులా కరకరలాడేలా కాల్చి తర్వాత కుక్కర్లో పెడతాను. చీజ్‌కి కూడా మోజరెల్లా ఒక్కటే వేస్తే సాగుతుంది గానీ చప్పగా ఉంటుంది, ఒక ప్రాసెస్డ్ చీజ్ క్యూబ్ తురిమి కలుపుకో.

ఉప్పుగాలి:
ఆదివారం అయిపోయిందండి. అందరికీ పేరుపేరునా చెప్పాలని కూర్చున్నాను.

రొట్టెలు అట్లకాడ గారు చెప్పిన ఉడుకు నీళ్ల పద్ధతిలో చేశాను. 24 చేస్తే రెండే చీలాయి, అవి గుడ్డలోంచి తీసి పక్కన పెట్టి మర్చిపోయినవి. బ్యాడిగి సాస్ శనివారం రాత్రే చేసి ఫ్రిజ్‌లో పెట్టాను. పొద్దుటికి గట్టిపడింది, చికెన్ నీళ్లు అర గ్లాసు కలిపి వెచ్చబెట్టాను. గుమ్మడికాయ వేశాను, వాము ఆకులు రెండే. ఓటీజీ వంటింట్లోంచి హాల్లో ఏసీ పాయింట్ దగ్గరికి మార్చాం, ఫ్యూజు గారికి మా వారు కృతజ్ఞతలు చెప్పమన్నారు.

మొదటి ట్రే 23 నిమిషాలకి తీశాను. అంచుల్లో చీజ్ గోధుమరంగు మచ్చలు పడి, మధ్యలో సాస్ ఇంకా కుతకుతమంటోంది. వెంటనే కొయ్యకుండా ఐదు నిమిషాలు ఆగాను. అట్లకాడ దూర్చి లేపితే చుట్ట చుట్టలాగే పైకి వచ్చింది, కింద ఒక్క చుక్క నీరు లేదు. పాప అది చూసి వంటింటి గుమ్మంలోంచే స్నేహితురాళ్లని కేకేసింది. రెండో ట్రే మాత్రం పిల్లల హడావుడిలో ఐదు నిమిషాలు ఎక్కువ ఉంచాను, చివరి చుట్టల కొసలు అప్పడంలా గట్టిపడ్డాయి. ఒకమ్మాయి ఏరి మరీ అవే తింది.

లంగరు గారూ, దసరా సెలవుల్లో సున్నం పద్ధతి చేద్దామనుకుంటున్నాను. ఎండు మొక్కజొన్న గింజలు విడిగా ఏ కొట్లో తీసుకున్నారో చెప్తారా?

లంగరు:
పూర్ణా మార్కెట్‌లో పప్పుధాన్యాల కొట్లోనే అమ్మా. పేలాలకి వాడే చిన్న గింజ ఇస్తారు, అది వద్దని చెప్పి పెద్ద గింజ అడగండి. ముందు అరకిలోతో మొదలుపెట్టండి, సున్నం ఐదు గ్రాములు.