సమస్య: పదవి పోయిన పిదపనే పంట పండె

నిర్వహణ: పైన ఇచ్చిన పాదమే చివరి పాదంగా పద్యం పూరించాలి. ఈసారి ఛందస్సు తేటగీతి. ఒకటే షరతు, పద్యం ఇంగ్లండు దొర 'టర్నిప్' (ఒక దుంప) టౌన్‌షెండ్ గురించే ఉండాలి. తెలియనివారికి రెండు ముక్కలు. అసలు పేరు చార్లెస్ టౌన్‌షెండ్, రెండో వైకౌంట్, పుట్టింది 1674లో. నార్ఫోక్‌లో రేనమ్ ఎస్టేటు ఆయనది. విదేశాంగం చూసిన మంత్రి. 1713లో, తర్వాత ప్రధాని అయిన రాబర్ట్ వాల్‌పోల్ చెల్లెలు డొరొతీని రెండో పెళ్లి చేసుకున్నాడు. తర్వాత ఆ బావమరిదితోనే చెడింది. తమ జోడీని కంపెనీతో పోల్చి, బోర్డు మీద తన పేరు రెండోదిగా ఉన్నంతకాలం గొడవ లేదనీ, మొదటికి రాగానే మొదలైందనీ వాల్‌పోల్ అన్నాడట. 1730లో టౌన్‌షెండ్ రాజీనామా చేసి ఊరెళ్లి, 1738లో పోయేదాకా సేద్యం మీదే ఉన్నాడు.

గోదావరి గట్టు:

బావమరదుల పోరులో పదవి వీడి
ఊరు చేరెను టౌన్షెండు ఉల్లమలర
నేల ముల్లంగి నాటించె నెమ్మదిగను
పదవి పోయిన పిదపనే పంట పండె

నిర్వహణ: ఎత్తుగడ బాగుంది. 'టౌన్షెండు ఉల్లము' దగ్గర విసంధి, అంటే కలవాల్సిన సంధి కలపలేదు. ఉత్వసంధి నిత్యం కదా, కలిపితే గణం పోతుంది.

పాతబస్తీ పద్యం: ముల్లంగి ఏంటన్నా! టర్నిప్ అంటే మా దగ్గర షల్గం. ముల్లంగి వేరే దుంప.

గోదావరి గట్టు: ఒప్పుకున్నాను. రెండో పాదం 'పల్లె చేరెను టౌన్షెండు పరవశించి' అని మారుస్తున్నా. మూడో పాదంలో 'నేల టర్నిప్పు నాటించె'. అదృష్టం, ముల్లంగీ తగణమే (రెండు గురువులు, ఒక లఘువు), టర్నిప్పూ తగణమే!

డాలస్ చిన్నోడు: మొదటిసారి రాస్తున్నాను, టెన్షన్‌గా ఉంది.

గోధుమల వెంట టర్నిప్పు కోరి బార్లి
క్లోవరును వేసె వంతుగా, కొంచెమైన
బీడు పడనీక పొలమంత, పెరిగె గొర్రె
పదవి పోయిన పిదపనే పంట పండె

గోదావరి గట్టు: 'బార్లి' తర్వాత 'క్లో' వచ్చింది. 'ర్లి' గురువు అయిపోదా?

నిర్వహణ: వేరు వేరు పదాలండీ, సమాసం కాదు. లఘువే. 'కోరి' మాత్రం యతి కోసం, పాదం మొదటి 'గో'తో అక్షరం కుదరడానికి, వచ్చి కూర్చుంది. అయినా నాలుగు పంటల వరస ఒక్కటీ తప్పకుండా రెండు పాదాల్లో ఇమిడింది, అది తేలిక కాదు. టర్నిప్ చలికాలం పశువుల మేత. ఆ పశువుల ఎరువు మళ్లీ చేలోకే. క్లోవర్ అనే పశుగ్రాసపు మొక్క వేళ్లు భూమికి నత్రజని ఇస్తాయి. దాంతో భూమిని ఏడాదిపాటు ఖాళీగా వదిలే పని తప్పింది.

గోదావరి గట్టు: మా వైపు వరి కోశాక పిల్లిపెసర చల్లుతాం. అదీ అంతే, పశువుకి మేత, నేలకి బలం.

పాతబస్తీ పద్యం: నాది కొంచెం అడ్డం. ఆయన ఊరు చేరకముందే, 17వ శతాబ్దంలోనే, నార్ఫోక్ పొలాల్లో టర్నిప్ ఉంది. అందుకని:

మునుపె నార్ఫోకు రైతులు మొలకలెత్త
దుంప విత్తులు చల్లిరి, దొరకు పేరు
దక్కె నంతియె; యనకోయి తప్పు మాట
"పదవి పోయిన పిదపనే పంట పండె"

డాలస్ చిన్నోడు: సమస్యనే ఖండించేశారు! అలా చేయొచ్చా?

నిర్వహణ: చేయొచ్చు, పాత చమత్కారమే. సమస్యను ఇంకొకరి మాటగా చూపి కాదనడం. 'మొలకలెత్త' కొంత పూరకం (పాదం నింపడానికి వేసిన మాట), చల్లకముందే మొలిచినట్టుంది. ఆ ఒక్కటి వదిలేస్తే ఈ వారం నా ఓటు దీనికే. దొర మొదలుపెట్టలేదు. పెద్ద ఎస్టేటులో వేసి, కలిసినవాళ్లందరికీ చెప్పి, వాడుకలో పెట్టాడు. అది తక్కువ పనేం కాదు గానీ, పద్యాల్లో రైతు కనిపించింది ఇందులోనే.

గోదావరి గట్టు: అమెరికా మీద టీ పన్ను వేసిన టౌన్‌షెండ్ ఈయనేనా?

నిర్వహణ: కాదండీ, ఈయన మనవడు. పేరు అదే, చార్లెస్. ఆ పన్నులు 1767లో వేశాడు, అదే ఏడు పోయాడు. టీ పన్ను మీద కోపంతో అమెరికాలోని బోస్టన్‌లో జనం టీ పెట్టెలు సముద్రంలో పడేసింది 1773లో. వచ్చేవారం సమస్య అదే, మళ్లీ తేటగీతిలోనే:

తాత పండించె మనుమడు తగలబెట్టె