పింఛను వేలిముద్రతోనే ఇస్తారు కదా, అమ్మ ఆధార్ బయోమెట్రిక్ లాక్ చేయవచ్చా?

ప్రశ్న (గుంటూరు)

మా అమ్మగారు మిర్చి యార్డు దగ్గర మిరపకాయల తొడిమలు తీసే పనికి వెళ్తారు. ఎన్టీఆర్ భరోసా వితంతు పింఛను 4,000 రూపాయలు నెలనెలా 1వ తేదీన సచివాలయం వారు ఇంటికి తెచ్చి ఇస్తారు. ప్రత్తిపాడు వైపున్న ఎకరం పొలానికి పీఎం కిసాన్ సొమ్ము బ్యాంకు ఖాతాలో పడుతుంది. ఏళ్ల తరబడి చేసిన పని వల్ల ఆమె బొటనవేలి గీతలు అరిగిపోయాయి, యంత్రం మీద ఒక్కసారికి పడిన రోజు లేదు. గత నెల ఖాతా నుంచి ఆధార్ వేలిముద్రతో డబ్బు తీసుకునే కేంద్రంలో నిర్వాహకుడు “పడలేదమ్మా, మళ్లీ పెట్టు” అంటే, ఎప్పుడూ వినే మాటే కాబట్టి మళ్లీ పెట్టారు. చేతికి 2,000 ఇచ్చారు. నిన్న పాస్‌బుక్‌లో ప్రింటు వేయిస్తే అదే రోజున 2,000 చొప్పున రెండు పద్దులు కనిపించాయి. మెసేజ్ ఎందుకు రాలేదా అని చూస్తే, ఖాతాకూ ఆధార్‌కూ ఇచ్చిన నంబరు మా తమ్ముడు మూడేళ్ల క్రితం వదిలేసినది. ఆధార్‌లో వేలిముద్ర పనిచేయకుండా ఆపే బయోమెట్రిక్ లాక్ చేద్దామంటే పింఛను ఆగిపోతుందేమోనని భయంగా ఉంది. ముందుగా ఏం చేయాలో తెలిసినవారు దయచేసి చెప్పగలరు.

జవాబు 1 (విజయవాడ, విశ్రాంత బ్యాంకు ఉద్యోగి)

ఈరోజే బ్యాంకు శాఖకు వెళ్లి రెండు పద్దుల తేదీ, సమయం రాసి ఫిర్యాదు ఇవ్వండి, అందినట్టు ముద్ర వేయించుకోండి. సైబర్ మోసాల హెల్ప్‌లైన్ 1930కి కూడా ఫోన్ చేయండి. అనధికార ఎలక్ట్రానిక్ లావాదేవీల మీద రిజర్వు బ్యాంకు 2017 జులైలో ఇచ్చిన ఆదేశాల ప్రకారం, తప్పు ఖాతాదారుడిదీ బ్యాంకుదీ కాక మూడోవారిదైనప్పుడు, సమాచారం అందిన మూడు పనిదినాల్లో తెలియజేస్తే ఖాతాదారుడికి నష్టం ఉండకూడదు. మీ అమ్మగారే స్వయంగా వేలు పెట్టారు కదా అని బ్యాంకు వాదించవచ్చు. అయినా ఫిర్యాదు మానకండి, ఎందుకంటే అదే కేంద్రం మీద ఇంకెవరైనా ఇలాగే రాసి ఉంటే మీ కాగితం వారికీ బలమవుతుంది. ఇకముందు వేలిముద్ర పడలేదని ఎవరన్నా సరే, విఫలమైనట్టు రసీదు చేతికి వచ్చేదాకా రెండోసారి వేలు పెట్టవద్దని అమ్మగారికి గట్టిగా చెప్పండి.

జవాబు 2 (గుంటూరు, వార్డు సచివాలయంలో పని చేస్తున్నాను)

సార్ చెప్పినది సరైనదే, కానీ నాకు అంతకంటే ఎక్కువ ఆందోళన కలిగించినది ఆ వదిలేసిన నంబరు. కనెక్షన్ రద్దయిన నంబరును 90 రోజుల తర్వాత కంపెనీలు వేరొకరికి ఇవ్వవచ్చు, అంటే మీ అమ్మగారి ఓటీపీలు ఇప్పుడు ముక్కూమొహం తెలియని వారి ఫోన్‌కు వెళ్తూ ఉండవచ్చు. ఆధార్‌లో నంబరు మార్చడానికి అమ్మగారిని దగ్గరలోని ఆధార్ కేంద్రానికి తీసుకెళ్లండి. బ్యాంకులో నంబరు విడిగా మార్చాలి, ఒకచోట మారితే రెండోచోట దానంతట అది మారదు.

ఇక లాక్ సంగతి. ఆధార్ అధికారిక యాప్‌లో లాక్ చేస్తే వేలిముద్ర, కనుపాప, ముఖం మూడూ ఆగుతాయి, కాబట్టి మేము పింఛనుకు వచ్చినప్పుడు కూడా యంత్రం ఒప్పుకోదు. తాత్కాలికంగా తెరిచే వీలుంది, కొద్ది నిమిషాలకు దానంతట అదే మూసుకుంటుంది. సిబ్బంది గుమ్మంలోకి వచ్చాక తెరిస్తే సరిపోతుంది, ముందే తెరవకండి.

జవాబు 3 (విజయవాడ)

పై సలహాతో ఒక్కచోట విభేదిస్తున్నాను. ఇంట్లో స్మార్ట్‌ఫోన్ వాడేవారు లేని ఒంటరి వృద్ధులకు లాక్ మేలు చేయదు. వారు దాన్ని తెరవలేక పింఛను రోజున ఇబ్బంది పడతారు. అలాంటివారు బ్యాంకులో అడిగి, ఆ ఖాతాకు ఆధార్ వేలిముద్రతో డబ్బు తీసే సదుపాయాన్నే ఆపించుకోవడం మంచిది. పింఛను చేతికి వచ్చే నగదు, దానికి ఈ ఖాతాతో పని లేదు.

మరొకటి కూడా చూడండి. పీఎం కిసాన్ వంటి సొమ్ము ఆధార్‌కు చివరగా అనుసంధానమైన ఖాతాకే వెళ్తుంది, కనుక అమ్మగారి పేరుతో ఎవరైనా కొత్త ఖాతా తెరిచి ఆధార్ జతచేస్తే ఆ వాయిదా అటు మళ్లుతుంది. ఆధార్ వారి వెబ్‌సైటు మైఆధార్ పోర్టల్‌లో బ్యాంకు సీడింగ్ (ఆధార్‌కు బ్యాంకు ఖాతా అనుసంధానం) స్థితిలో ఏ బ్యాంకు పేరుందో చూడండి. ఆధార్ ఎప్పుడెప్పుడు ధ్రువీకరణకు వాడారో గత ఆరు నెలల చరిత్ర కూడా అక్కడే కనిపిస్తుంది. జిరాక్సు కేంద్రంలో కార్డు నకలు ఇవ్వవలసి వస్తే, చివరి నాలుగు అంకెలే కనిపించే మాస్క్‌డ్ ఆధార్ ఇవ్వండి.

ప్రశ్న అడిగినవారు (నాలుగు రోజుల తర్వాత)

అందరికీ కృతజ్ఞతలు. నంబరు రెండుచోట్లా నాదే ఇచ్చాము. ఆధార్ చరిత్రలో ఆ రోజు ఉదయం నాలుగు నిమిషాల తేడాతో రెండు ధ్రువీకరణలు కనిపించాయి, రెండూ విజయవంతమైనవే. “పడలేదు” అన్న మాట అబద్ధమని అమ్మకు అప్పుడే అర్థమైంది. డబ్బు పోయినదానికంటే తన వేలిని సాకుగా చూపారన్న బాధే ఆమెకు ఎక్కువగా ఉంది. ఆ పేజీ ప్రింటు తీసి బ్యాంకు ఫిర్యాదుకు జతచేశాను, 1930 వారిచ్చిన ఫిర్యాదు నంబరు పాస్‌బుక్ వెనుక రాసిపెట్టాము. సీడింగ్ మాత్రం పాత బ్యాంకు పేరుతోనే ఉంది, దాన్ని ఎవరూ కదపలేదు. లాక్ కూడా చేశాను. ఈసారి 1వ తేదీన డ్యూటీకి కాస్త ఆలస్యంగా వస్తానని ఆఫీసులో ముందే అడిగి ఉంచాను.