అప్‌డేట్: అమ్మ కీళ్ళవాతం, నొప్పి తగ్గిన రోజు వచ్చే చిక్కు

పోయిన నెల అడిగింది ఇదీ: బెంగళూరు మారతహళ్ళిలో మాతో ఉండే అమ్మకి రుమటాయిడ్ ఆర్థరైటిస్. నొప్పి తగ్గిన రోజు ఇల్లంతా సర్దేసి, తర్వాత రెండు రోజులు మంచం దిగదు. మీరు చెప్పిన పేసింగే (నొప్పి పెరిగేదాకా చేయకుండా, ముందే పెట్టుకున్న సమయానికి పని ఆపడం) పనికొచ్చింది, మందులు యథాతథంగా వాడుతూనే.

ముందు ఒక్క పనే తీసుకోవాలి. అమ్మ విషయంలో అది నిలబడి కూరలు తరగడం. మంచి రోజులూ చెడ్డ రోజులూ కలిపి, నొప్పి పెరిగేలోపు ఎంతసేపు చేయగలిగిందో రాయాలి: 20, 12, 16 నిమిషాలు. సగటు 16. అందులో ఐదో వంతు తీసేస్తే దాదాపు 13. ఫోన్లో అంతకే అలారం. మోగగానే, చేతిలో బీరకాయ సగమే తరిగి ఉన్నా సరే, కత్తి పక్కన పెట్టి కూర్చోవాలి.

దెబ్బ తినేది ఇక్కడే. "ఇవాళ బాగానే ఉంది, ఇదొక్కటీ అవనీ" అంటారు. నొప్పి చెప్పేదాకా ఆగితే అప్పటికే ఆలస్యం. వారం నిలకడగా సాగాకే ఒక నిమిషం పెంచాలి. కీళ్ళు వాచి వేడిగా ఉంటే పెంచకుండా డాక్టరుకి చూపించాలి. (ఎంఈ/సీఎఫ్ఎస్, అంటే ఏళ్ళతరబడి వదలని తీవ్ర అలసట జబ్బు, ఉన్నవాళ్ళు ఇలా వరసగా పెంచుకుంటూ పోవద్దు. బ్రిటన్‌లో వైద్య సూచనలిచ్చే సంస్థ నైస్ మార్గదర్శకాలు 2021లోనే వద్దన్నాయి.)

అమ్మ "ఎవరికీ పనికిరాను" అన్నప్పుడు ఓదార్చడం కన్నా, "ఇదే మాట పిన్ని అంటే నువ్వేం చెబుతావమ్మా?" అని అడగడం మేలు. ఆ జవాబు అమ్మ చేతే కాగితం మీద రాయించాలి. దిగులు రెండు వారాలు దాటితే ప్రభుత్వ మానసిక ఆరోగ్య హెల్ప్‌లైన్ టెలీ మానస్ 14416కి ఫోన్ చేయండి, తెలుగులో మాట్లాడతారు.