అప్‌డేట్: డీఎస్సీలో నన్ను నాన్-లోకల్ అని పక్కనపెట్టిన సంగతి

తెలంగాణ డీఎస్సీ 2024 (11,062 టీచర్ పోస్టులది) సర్టిఫికెట్ వెరిఫికేషన్‌లో నన్ను నాన్-లోకల్ (అంటే ఆ జిల్లా స్థానిక అభ్యర్థిని కాదు) అన్నారని, కాగితం ఇవ్వకుండా ఫోన్లోనే చెప్పేశారని రాశాను కదా. ముందు కారణమేంటో రాతపూర్వకంగా అడగమని ఇక్కడ మీరు సలహా ఇచ్చారు. అడిగాను. ఆఫీసు ఇన్‌వార్డ్‌లో (అర్జీలు తీసుకునే చోట) రసీదు ముద్ర వేయించుకోవడానికే రెండు పూటలు పట్టింది, కానీ చివరికి కోర్టులో పనికొచ్చింది ఆ నీలం ముద్రే.

జవాబు రాకపోతే హైకోర్టులో రిట్ (అధికారుల తీరుపై వేసే పిటిషన్) వేశాం. కోర్టు నాకు ఉద్యోగం ఇమ్మనలేదు. నోటీసిచ్చి, నా మాట విని, కారణాలు రాసి ఆర్డర్ ఇమ్మంది. అప్పటిదాకా ఒక పోస్టు ఖాళీగా ఉంచమంది. ఈ రెండో ముక్క అడగడం మా లాయర్ గారు మర్చిపోలేదు, బతికిపోయాను.

హియరింగ్‌లో తేలిందేంటంటే, 2018 రాష్ట్రపతి ఉత్తర్వుల ప్రకారం ఒకటి నుంచి ఏడు దాకా కనీసం నాలుగేళ్లు చదివిన జిల్లాయే లోకల్. నేను ఐదేళ్లు అక్కడే చదివాను. కాకపోతే మా హెడ్మాస్టరు స్టడీ సర్టిఫికెట్లో పాత ఉమ్మడి జిల్లా పేరు రాశారు. అంతే! ఒక్క ప్రశ్న అడిగుంటే పది నిమిషాల్లో తేలేది.

ఆఖర్లో, మెరిట్‌లోనూ తక్కువేనని కొత్త కారణం ఎత్తబోయారు. మొహీందర్ సింగ్ గిల్ కేసులో (1978) సుప్రీంకోర్టు చెప్పింది ఇదే: ఆర్డర్‌లో లేని కారణాలు తర్వాత అతికించకూడదని. లాయర్ గారు అది చూపించాక ఆ మాట మళ్లీ రాలేదు.

లోకల్‌గా ఒప్పుకుంటూ మొన్న ఆర్డర్ ఇచ్చారు. పోస్టింగ్ కౌన్సెలింగ్ ఇంకా పిలవలేదు.