నిజం కానివన్నీ 'ఫేక్' అయిపోతాయా?

ప్రశ్న:
మా నాన్నకు మోకాలి కింద కాలు తీసేసి తొమ్మిదేళ్లయింది. పెట్టుడు కాలితోనే రోజూ పొద్దున్నే నడకకు వెళ్తారు. ఆయన గురించి ఇంగ్లీషులో రెండు పేజీలు రాసి, అందులో 'ఫేక్ లెగ్' అన్నాను. చదివిన స్నేహితురాలు ముందు ఆ మాట తీసెయ్యమంది. మనసు చివుక్కుమంది. నాకు చప్పున తట్టే మాట అదొక్కటే. ఆర్టిఫిషియల్, ఇమాజినరీ, ఫిక్షనల్... ఏది ఎక్కడ వాడాలో ఎవరైనా చెప్తారా?

జవాబు 1:
ఆవిడ చెప్పింది నిజమేనండి. ఫేక్ అనగానే ఎవరినో నమ్మించడానికి చేసినదనే అర్థం ముందుకొస్తుంది. మీ నాన్నగారి కాలు ఎవరినీ నమ్మించడానికి కాదు, ఆయన్ని నడిపించడానికి. ఆర్టిఫిషియల్ లెగ్ అనండి. డాక్టర్లు ప్రోస్థెటిక్ అంటారు. పళ్లకు మాత్రం ఫాల్స్ టీత్ అనడం వాడుక, అందులో ఏ నిందా లేదు. దొంగ నోటు, దొంగ సంతకం మనకు రెండూ 'దొంగ'వే. ఇంగ్లీషులో నోటు కౌంటర్‌ఫీట్, సంతకం ఫోర్జ్‌డ్.

జవాబు 2:
నేను కథలు అనువదిస్తుంటాను. నన్ను బాగా తిప్పలు పెట్టిన జంట ఫిక్షనల్, ఫిక్టీషియస్. కథలో పాత్ర ఫిక్షనల్. అసలు పేరు దాచి దరఖాస్తులో రాసిన పేరు ఫిక్టీషియస్. చిన్నపిల్లలు తమకు మాత్రమే కనిపించే నేస్తంతో కబుర్లాడతారు చూడండి, ఆ నేస్తం ఇమాజినరీ. గణిత సమీకరణాల మూలాల్లో, అంటే వాటికి వచ్చే జవాబుల్లో, కొన్నింటిని ఫ్రెంచ్ గణితవేత్త డెకార్ట్ 1637లో ఇమాజినరీ అన్నాడు. పేరు ఊహదే కానీ, ఈ రోజు మన ఇళ్లకొచ్చే ఏసీ కరెంటు లెక్కల్లో ఆ సంఖ్యలు నిత్యం పనికొస్తున్నాయి!

జవాబు 3:
వజ్రాన్ని తీసుకోండి. ల్యాబ్‌లో తయారైనదీ కార్బనే, అసలైన వజ్రమే. దాన్ని సింథటిక్ అనొచ్చు, ఫేక్ అంటే తప్పు. క్యూబిక్ జిర్కోనియా అలాగే మెరుస్తుంది కానీ అది జిర్కోనియం ఆక్సైడ్. ఆ సంగతి చెప్పి అమ్మితే ఇమిటేషన్, వజ్రమని చెప్పి అంటగడితే ఫేక్. రాయి అదే, అమ్మేవాడి మాటను బట్టి పేరు మారింది.

ప్రశ్న అడిగినవారు:
అందరికీ చాలా థ్యాంక్స్. మొదటిసారి వచ్చినచోట ఆర్టిఫిషియల్ లెగ్ అని మార్చాను. తర్వాత అన్నిచోట్లా 'హిజ్ లెగ్' అనే ఉంచాను. ఇంట్లో మేమూ అంతేగా, "కాలు పెట్టుకున్నావా నాన్నా, బయల్దేరదామా" అంటాం.